బోరులోకి దించిన బొమ్మ చెయ్యి

ఆ చిప్‌ని మీలో చాలామంది చేత్తో పట్టుకునే ఉంటారు. నల్లగా, చింతగింజ కన్నా కాస్త పొడుగ్గా, రెండు పక్కలా వరసగా కాళ్లతో ఉంటుంది. బొమ్మ రోబో చేసే పిల్లలు మొట్టమొదట కాల్చేసేది దాన్నే. రెండు చిన్న మోటార్లని విడివిడిగా, ముందుకీ వెనక్కీ తిప్పుతుంది. రోబోకి మెదడులాంటి చిప్ వేరే ఉంటుంది కానీ, దాన్నుంచి వచ్చే కరెంటు ఒక చిన్న దీపానికి సరిపోతుందేమో, మోటారుకి చాలదు. అందుకని మధ్యలో ఇది నిలబడి, అటు మాట విని, ఇటు బ్యాటరీ బలం తెచ్చి మోటారుకి ఇస్తుంది. మోయగలిగినదానికన్నా ఎక్కువ భారం పడితే వేడెక్కి, తనంతట తనే ఆగిపోతుంది. చల్లారితే మళ్లీ పని మొదలుపెడుతుంది. ఇప్పటి కుర్రాళ్లకి ఇది పాతకాలపు సరుకు. మా రోజుల్లో అదే మాకు దొరికింది.

నేను ఏజెన్సీలో ఒక పాలిటెక్నిక్‌లో ఎలక్ట్రానిక్స్ పాఠాలు చెప్పి రిటైరయ్యాను. ఇప్పటికీ ఎక్కడైనా పిల్లలు కనిపిస్తే, "మీరు చేయించినవాటిలో పెద్ద రోబో ఏది సార్?" అని అడుగుతుంటారు. ఆ ప్రశ్నని పక్కకి తప్పించే జవాబులు రెండు మూడు అలవాటు చేసుకున్నాను. ఈసారి తప్పించను.

మాది కింద, మైదానంలో వ్యవసాయం చేసుకునే కుటుంబం. రెండువేల సంవత్సరం దాటిన కొత్తలో నన్ను కొండమీదికి వేశారు. అక్కడికి వేస్తే శిక్ష అనుకునేవారు మావాళ్లంతా. నేనూ అనుకున్నాను, మొదటి వానాకాలం పూర్తయ్యేదాకా. ఆ తరవాత అక్కడి పిల్లలు నన్ను పట్టుకున్నారు. ల్యాబులో పనికొచ్చే సామాను లేదు, అయినా వాళ్లు సాయంత్రాలు ఇంటికి వెళ్లేవారు కాదు. పాడైపోయిన టేప్‌రికార్డర్లలోంచి మోటార్లు తీసేవారు. చిప్పులూ వైర్లూ మాత్రం విశాఖపట్నం వెళ్లి కొనుక్కొచ్చేవాణ్ణి. వచ్చేటప్పుడు రైలు సొరంగాల్లోంచి పోతుంటే, థర్మాకోల్ ముక్కకి గుచ్చిన ఆ చిప్పుల్ని గుడ్లలాగా ఒళ్లో పెట్టుకుని కూర్చునేవాణ్ణి.

మాకు వర్క్‌షాపులో ఫిట్టర్ మాస్టారు ఒకాయన ఉండేవారు. శ్రీకాకుళం వైపు మనిషి, నాకన్నా పెద్దవారు. మేము ఏ కొత్త బొమ్మ మొదలుపెట్టినా గుమ్మంలో నిలబడి, "ఏటి మాస్టారూ, మల్లీ ఆడుకునే బండేనా?" అనేవారు. మర్నాడు పొద్దున మాకు కావలసిన అల్యూమినియం ముక్కలు నున్నగా ఆకురాయి పట్టి బల్లమీద ఉండేవి. ఎవరు పెట్టారంటే ఒప్పుకునేవారు కాదు.

పిల్లల్లో రాజవొమ్మంగి వైపు నుంచి వచ్చిన అమ్మాయి ఒకతె ఉండేది. చివరి సంవత్సరం. మాట తక్కువ. సోల్డరింగ్ ఐరన్ పట్టుకుంటే ఆ చెయ్యి వణకదు. చిప్ ఎంత వేడెక్కిందో మీటరు పెట్టకుండా వేలు ఆనించి చెప్పేది. ఆ ఏడు కాలేజీ ప్రదర్శనకి వాళ్లు చేసిన బండిలో వస్తువుని పట్టుకునే ముందు భాగం ఆ అమ్మాయిదే. ఒక చిప్ రెండు చక్రాలని తిప్పుతుంది. ఇంకో చిప్ రెండు వేళ్లున్న చెయ్యిని నడుపుతుంది. బండి వెళ్లి ప్లాస్టిక్ బంతిని పట్టుకుని డబ్బాలో వేస్తుంది. ముందు ఏముందో చూడటానికి తలుపులకి పెట్టే నలుపు తెలుపు కెమేరా ఒకటి బిగించి, దాని వైరు తెచ్చి బ్యాటరీతో నడిచే చిన్న టీవీకి తగిలించాం. ప్రదర్శనకి ముఖ్య అతిథిగా వచ్చిన ఎమ్మార్వోగారు ఆ బంతి ఆట మూడుసార్లు చేయించుకుని చూశారు. ఆయన అంత ముచ్చటపడి ఉండకపోతే ఆ తరవాతి కథ మాకు తగిలేది కాదు.

వానలు తగ్గుముఖం పడుతున్న రోజులు. నేను క్లాసులో ఉండగా జీపు వచ్చి ఆగింది. డ్రైవరు తలుపు దగ్గరకొచ్చి, చెప్పులు విడిచి, లోపలికి రాకుండానే అన్నాడు.

"బాబూ, మీ మిషన్ పట్టుకుని బేగి రమ్మన్నారు ఎమ్మార్వోగారు."

"ఏ మిషన్?"

"బంతిని పట్టుకుంటాదంట కదా, అది. ఊర్లో సిన్న గుంట, ఆడపిల్ల, బోరు గోతిలో పడిపోనాది. పొద్దున్న పడిపోనాది. ఏడుపు ఇనిపిత్తంది."

క్లాసంతా లేచి నిలబడింది. అది బొమ్మ అని, బంతి బరువు కూడా సరిగ్గా మోయలేదని చెప్పాను. డ్రైవరు నేలకేసి చూస్తూ, "నాకేటి తెలుత్తాది బాబూ. తెమ్మన్నారు," అన్నాడు.

నేను వర్క్‌షాపుకి పోయి ఫిట్టర్ మాస్టారుకి చెప్పాను. అది పనికొచ్చే వస్తువు కాదు, వెళ్లి నలుగురిలో నిలబడి ఏం చేస్తాం అన్నాను. ఆయన అప్పటికే గోడకున్న తాడు చుట్ట దించుతున్నారు.

"ఎల్లకపోతే ఏటౌతాదో మనకి తెలుసు మాస్టారూ. ఎల్తే ఏటౌతాదో తెల్దు. ఎక్కండి," అన్నారు.

ఆ అమ్మాయిని నేను పిలవలేదు. బండి ఒళ్లో పెట్టుకుని జీపు వెనక సీట్లో అప్పటికే కూర్చుని ఉంది.

ఘాట్ రోడ్డు మీద వంపు తిరిగినప్పుడల్లా స్క్రూలు దొర్లిపోతుంటే మోకాళ్లతో ఆపుకుంటూ, ఆ అమ్మాయి బండి చక్రాలు ఊడదీసింది. బోరులో చక్రాలకి పని లేదు. మాకు కావలసింది రెండే కదలికలు. వేళ్లు మూసి తెరవడం ఒకటి. పట్టు దొరికేలా చెయ్యి మొత్తాన్ని అటూ ఇటూ తిప్పడం రెండోది. రెండు మోటార్లు, ఒకే చిప్. "చిప్ పైనే ఉంచుదాం సార్. కిందికి వైర్లు మాత్రం దించుదాం. ఏమైనా అయితే చూసుకోవచ్చు," అంది. దారి పొడుగునా తను మాట్లాడింది అంతే. ఫిట్టర్ మాస్టారు ఒక ఇనప పట్టీకి ఆ చెయ్యినీ కెమేరానీ చిన్న టార్చినీ కలిపి కట్టారు. టీవీతో సహా అన్నీ ఒక అట్టపెట్టెలో సర్దాం.

తాగునీటికని ఎప్పుడో వేసిన బోరు అది. నీళ్లు పడలేదని వేసినవాళ్లు వదిలేసి పోయారు. పైన గోనెసంచీ కప్పి, దానిమీద తుప్పలు వేశారట. గోనె కుళ్లిపోయింది. మేము వెళ్లేసరికి పక్కన ప్రొక్లెయినర్ ఒకటి గొయ్యి తవ్వుతోంది. మట్టి పోయి రాయి తగిలింది. ఇనపపళ్లు రాతికి గీసుకుంటున్న చప్పుడు లోయంతా వినిపిస్తోంది. ఆసుపత్రి నుంచి డాక్టరుగారు వచ్చి ఆక్సిజన్ గొట్టం లోపలికి దించి ఉన్నారు. బోరు మూతి పక్కన తల్లి బోర్లా పడుకుని, నోరు నేలకి ఆనించి, తమ భాషలో ఆగకుండా ఏదో చెబుతోంది. నాకు ఆ భాష రాదు. పిల్లని నిద్రపుచ్చే గొంతు అది, అది మాత్రం తెలిసింది.

మేము పెట్టె పట్టుకుని జీపు దిగగానే జనం రెండు పాయలుగా విడిపోయి దారి ఇచ్చారు. ఆ దారిలో నడిచినంతసేపూ నాకు వెనక్కి పరిగెత్తాలనిపించింది. వాళ్ల చూపులు మా మీద లేవు, పెట్టె మీద ఉన్నాయి. ఆ పెట్టెలో ఏముందో నాకు తెలుసు.

ఫిట్టర్ మాస్టారు తాడు వదులుతుంటే టీవీలో ముందు తడి గోడ కనిపించింది. వేర్లు, రాతి అంచులు, మళ్లీ గోడ. ఆ తరవాత నల్లటి జుట్టు. జుట్టుకి రిబ్బను. తలపక్కనుంచి పైకి లేచి ఉన్న ఒక చెయ్యి. అంతలో ఆ చేతివేళ్లు ముడుచుకుని విచ్చుకున్నాయి.

"ఉంది," అంది ఆ అమ్మాయి మెల్లిగా.

ఎవరో తల్లిని లేవదీసి టీవీ ముందుకి తెచ్చారు. ఆమె కాసేపటిదాకా ఏమి చూడాలో తెలియక మా మొహాలు చూసింది. భర్త వేలుపెట్టి చూపించాడు. కాఫీ తోటల్లో పనిచేసే మనిషి, సన్నగా, మోకాళ్లదాకా మట్టితో ఉన్నాడు. ఆమె టీవీ అద్దం మీద అరచెయ్యి పెట్టింది. తరవాత గబుక్కున బోరు దగ్గరికి పోయి పిలిచింది. టీవీలో వేళ్లు మళ్లీ కదిలాయి.

చెయ్యి అందుకోవాలని చూశాం. అది గోడకి గట్టిగా ఒత్తుకుని ఉంది, మా వేళ్లు దాని వెనక్కి పోలేదు. భుజం దగ్గర గౌను మడత కనిపిస్తోంది. చెయ్యి తిప్పి, వేళ్లు తెరిచి, ఆ గుడ్డని పట్టాం. పట్టు దొరికింది. ఫిట్టర్ మాస్టారు తాడు బిగించారు. గుడ్డ సాగింది. అంతలో మా వేళ్లు వాటంతటవే సడలిపోయాయి.

ఆ అమ్మాయి చిప్ మీద వేలు పెట్టి వెంటనే తీసింది. "కాలిపోలేదు సార్. వేడెక్కి ఆగిపోయింది." పట్టుకుని ఉన్నంతసేపూ మోటారు తిరగలేక బిగుసుకుపోతోంది, ఆ భారమంతా చిప్ మీద పడుతోంది. తడిగుడ్డ పెట్టి చల్లార్చి మళ్లీ పట్టాం. మళ్లీ అంతే. మూడోసారీ అంతే. ప్రతిసారీ జనంలోంచి ఒక నిట్టూర్పు వచ్చేది. అరుపులూ తిట్లూ అయితే తట్టుకునేవాణ్ణేమో.

"చక్రాలు తిప్పిన రెండో చిప్‌ని దీని మీద ఎక్కించి అతుకుతాను సార్. భారం చెరిసగం పంచుకుంటాయి," అంది ఆ అమ్మాయి.

"కరెంటేది ఇక్కడ?"

ఆమె అప్పటికే చుట్టూ చూస్తోంది. తవ్వేవాళ్ల కోసం ఎవరో టీ కాస్తున్న పొయ్యి ఉంది. ఐరన్ మొన ఆ నిప్పుల్లో పెట్టి, ఎర్రబడకముందే తీసి, బూడిద తుడిచి, ఒక్కో కాలూ అతికింది. మొన చల్లారితే మళ్లీ నిప్పుల్లోకి. జీపు బానెట్ మీద ఆ పని జరుగుతున్నంతసేపూ తల్లి బోరు దగ్గర మాట్లాడుతూనే ఉంది. గొంతు బొంగురుపోయింది. చిప్పుల వీపు మీద ఫిట్టర్ మాస్టారు రాగిరేకు ఒకటి బిగించారు. ఇలాంటి అతుకు పుస్తకాల్లో ఉండదు. అంత బాగా అతికిన చిప్పుల్ని నేను తరవాత ఏ ల్యాబులోనూ చూడలేదు.

ఈసారి పట్టు నిలిచింది. ఆ అమ్మాయి వేలు చిప్ మీదే ఉంచి, "గోరువెచ్చగానే ఉంది. లాగండి," అంది. ఫిట్టర్ మాస్టారు పిడికిలి తరవాత పిడికిలి మార్చుకుంటూ మెల్లిగా లాగారు. తాడు బిగిసింది. టీవీలో జుట్టు కొంచెం కదిలినట్టనిపించింది. నా పక్కన డాక్టరుగారు "రా తల్లీ, రా" అంటున్నారు, ఎవరితోనో తెలియకుండా.

అప్పుడు తాడు ఒక్కసారిగా తేలికైపోయింది.

మా బొమ్మ చెయ్యి పైకి వచ్చింది, వేళ్ల మధ్య గౌను భుజం ముక్క పట్టుకుని. వేళ్లు బిగుసుకునే ఉన్నాయి. చిప్ ఇంకా గోరువెచ్చగానే ఉంది. మేము చేసినదాంట్లో ఏదీ చెడిపోలేదు. ఇన్నేళ్లూ నన్ను తింటున్నది అదే. ఏదైనా విరిగి ఉంటే, కాలి ఉంటే, ఫలానాది సరిగ్గా చేసుంటే అని తిట్టుకుని ఊరుకునేవాణ్ణి. అన్నీ పనిచేశాయి. పిల్ల రాలేదు.

తల్లి ఆ గుడ్డముక్కని వేళ్ల మధ్యనుంచి తీసుకుంది. మోటారు వెనక్కి తిప్పి వేళ్లు వదులు చేసింది ఆ అమ్మాయే.

మళ్లీ దించాం. జుట్టు, రిబ్బను, చెయ్యి. తల్లి పిలిచింది. తండ్రి పిలిచాడు. వేళ్లు కదల్లేదు. కెమేరా ఊగడం వల్ల కనిపించడం లేదేమో అని ఫిట్టర్ మాస్టారు తాడుని రెండు చేతులా బిగబట్టి, తనూ ఊపిరి బిగబట్టి నిలబడ్డారు. అందరం టీవీకేసి చూస్తున్నాం. ఏమీ కదల్లేదు.

"ఇంకోసారి సార్," అంది ఆ అమ్మాయి. ఇంకోసారి దించాం. ఎన్నిసార్లు దించామో నేను లెక్కపెట్టలేదు. చివరికి డాక్టరుగారు వచ్చి టీవీకీ తల్లికీ మధ్య నిలబడి, "ఇక చాలు మాస్టారూ. ఆమెని చూడనివ్వకండి," అన్నారు. అప్పటికి ఇంకా కొండమీద ఎండ ఉంది.

మర్నాడు తవ్వేవాళ్లు రాయి పగలగొట్టుకుని పక్కనుంచి చేరుకున్నారు. ఆ భాగం నేను రాయను. కొంతకాలం తరవాత డాక్టరుగారు సంతలో కనిపిస్తే అడిగాను, మేము లాగినప్పటికి ఆ పాప ఉందా అని. ఆయన నావైపు చూసి, "లోపల ఊట నీళ్లు చేరాయండి. చలి. ఎప్పుడు పోయిందని ఎవరూ చెప్పలేరు," అన్నారు. తప్పు మోపలేదు, ధైర్యం చెప్పడానికి కూడా చూడలేదు.

పేపరువాళ్లు మా ఫొటో వేశారు. పాప ప్రాణం కోసం విద్యార్థుల రోబో పోరాటం అని పైన పెద్ద అక్షరాలు. దాంతో కింద పట్నంలో మాకు సన్మానం పెట్టారు. మా ప్రిన్సిపాల్‌గారు చెడ్డవారు కాదు. పాలిటెక్నిక్‌కి పేరొస్తే నాలుగు పరికరాలు వస్తాయని ఆయన ఆశ. ఒక గొట్టం నిలబెట్టి, అందులో బొమ్మ వేసి, మా చెయ్యితో తీసి చూపించమన్నారు. నేను ఆ అమ్మాయిని పిలిచి చెప్పాను.

"బొమ్మయితే వస్తుంది సార్. బొమ్మ భయపడి గోడకి బిగుసుకోదు కదా," అంది.

"నువ్వు రాకపోయినా ఫరవాలేదు."

"మీరూ వెళ్లకండి సార్."

నేను వెళ్లలేదు. చిప్ కాలిపోయిందని ప్రిన్సిపాల్‌గారికి చెప్పాను. ఆ అమ్మాయి పరీక్షలు మంచి మార్కులతో పాసైంది. కింద ఫ్యాక్టరీలో ఉద్యోగం వస్తే చేరలేదు. వాళ్ల ఊరికి వెళ్లిపోయి పోడు సాగు చూసుకుంటోందని తరవాత ఎవరో చెప్పారు. ఒకసారి వెళ్లి చూద్దామని రాజవొమ్మంగి దాకా పోయి, ఏం మాట్లాడాలో తెలియక బస్టాండులో టీ తాగి వెనక్కి వచ్చేశాను.

ఫిట్టర్ మాస్టారు మళ్లీ మా గుమ్మంలో నిలబడి ఆడుకునే బండేనా అని అడగలేదు. ఆయన ఆదివారాలు ఇనపరేకులు కోసి మూతలు చేసేవారు. కొండల్లో తెరిచి వదిలేసిన బోర్లు వెతుక్కుంటూ పోయి వాటికి బిగించి వచ్చేవారు. కొన్నాళ్లకి ఆ మూతలు కనిపించకుండా పోయేవి, పాత ఇనుము కొనేవాళ్లకి అమ్ముకునేవారు ఎవరో. "మల్లీ కొట్టేసినారు మాస్టారూ," అని చెప్పి, మళ్లీ రేకు కోయడం మొదలుపెట్టేవారు. రిటైరయ్యేదాకా అంతే. ఆయన తరవాత ఆ పని ఎవరూ అందుకోలేదు. నేను కూడా. పెద్ద మోటార్లు, వాటిని నడిపే గట్టి చిప్పులు పెట్టి ఇంకో చెయ్యి చేద్దామని నేను ఏడాదిపాటు గీతలు గీశాను. ఆ ఏడాదే ఇంకెక్కడో ఇంకో పిల్లాడు పడ్డాడని పేపర్లో చదివాను. కాగితాలు చుట్టి బీరువా మీద పడేశాను. తరవాతి బ్యాచి పిల్లలు సెల్‌ఫోన్ రిపేరు నేర్పమన్నారు. నేర్పాను.

పాప పోయాక వచ్చిన ఎండాకాలం మొదట్లో, సంత రోజున, ఆ పాప తండ్రి పాలిటెక్నిక్‌కి వచ్చాడు. ఉతికిన చొక్కా వేసుకున్నాడు. మొదట గుర్తుపట్టలేదు. ఆయన భార్య వరండా మెట్ల దగ్గరే ఆగిపోయింది. నేను కుర్చీ వేస్తే కూర్చోలేదు.

"బాబూ, ఆ టీవీ ఉందా మీ కాడ?"

"ఉంది."

"అందులో మా గుంట కనిపించినాది కదా. మల్లీ ఓపాలి సూపించండి. దానిది బొమ్మ ఒకటీ నేదు మా కాడ. ఎప్పుడూ తీయించనేదు."

ఆ టీవీ ఏదీ దాచుకోదని, కెమేరా ఎదట ఉన్నది ఉన్నంతసేపే కనిపిస్తుందని చెప్పాను. ఒకటికి రెండుసార్లు చెప్పాను. ఆయన అంతా విని తల ఊపాడు. అర్థమైంది ఆయనకి. అయినా కదల్లేదు.

"ఓపాలి ఎయ్యండి బాబూ. నేదని మా ఆడదానికి నాను సెప్పనేను. అదే సూసుకుంటాది."

బీరువాలోంచి టీవీ తీసి, దుమ్ము తుడిచి, బల్లమీద పెట్టాను. ఆమె లోపలికి వచ్చి నేలమీద కూర్చుంది. స్విచ్ వేశాను. ఏ వైరూ తగిలించని టీవీలో ఏముంటుంది? తెల్లటి చుక్కలు దడదడమని కురుస్తూ, చిన్నగా బుస్సుమనే చప్పుడు. ఆమె చూస్తూ ఉండిపోయింది. అలా ఎంతసేపు చూసిందో. తరవాత కళ్లు తిప్పకుండానే భర్తని తమ భాషలో ఏదో అడిగింది. ఆమె మళ్లీ అడిగింది.

"ఏమంటోంది?" అన్నాను.

ఆయన నావైపు చూడలేదు. "మా గుంట మీద వాన పడతందా అని అడుగుతంది బాబూ," అన్నాడు.

నా చెయ్యి స్విచ్ మీదికి వెళ్లింది గానీ, టీవీని ఆపలేకపోయాను.